అనంతపురానికి జోడీ ఊరు ఎక్కడుంది?

(భూగోళ, వృక్ష, వ్యవసాయ శాస్త్ర విద్యార్థుల సభలో చేసిన ప్రసంగానికి అక్షర రూపం. చివర కొన్ని ప్రశ్నలు, జవాబులు.)

సభకు నమస్కారం. అధ్యక్షులవారు నన్ను పరిచయం చేస్తూ వాడిన విశేషణాల్లో సగం నాకు వర్తించవు. మిగతా సగం కోసం నేను పట్టుబట్టను. నేరుగా విషయంలోకి వెళ్దాం.

ప్రపంచ పటంలో అనంతపురం మీద వేలు పెట్టండి. అక్కడి నుంచి తిన్నగా పడమరకు జరపండి. అరేబియా సముద్రం దాటితే యెమెన్, ఎర్ర సముద్రం దాటితే ఎరిట్రియా, ఆ తర్వాత సూడాన్, చాద్, నైజర్. ఆ నైజర్ దేశానికి రాజధాని నియామే. అనంతపురం ఉత్తర అక్షాంశం 14.7 డిగ్రీలు, నియామేది 13.5. ఏడాది వర్షపాతం రెండు చోట్లా సుమారు 550 మిల్లీమీటర్లు. ఎండల సంగతి మీకు చెప్పనక్కర్లేదు. పాఠ్యపుస్తకంలో రెండు ఊళ్లకూ ఒకటే గుర్తు: బీఎస్‌హెచ్. బీ అంటే పొడి ప్రాంతం. ఎస్ అంటే పూర్తి ఎడారి కాదు, గడ్డి మొలిచేపాటి తేమ ఉంది. హెచ్ అంటే వేడి. పరీక్షలో ‘రెండింటి శీతోష్ణస్థితి ఒకటే’ అని రాస్తే మార్కులు పడతాయి. అనంతపురం వేరుశనగ రైతును తీసుకెళ్లి నియామే శివారు పొలంలో నిలబెడితే మాత్రం ఆయన ఆ మాట ఒప్పుకోడు.

ఎందుకు ఒప్పుకోడో చూద్దాం. నియామేలో వాన జూన్‌లో అందుకుంటుంది, ఆగస్టులో గట్టిగా కురుస్తుంది, సెప్టెంబరు దాటేసరికి దాదాపు అయిపోతుంది. అక్టోబరులో నాలుగు చినుకులు పడితే పడినట్టు. ఆ తర్వాత సహారా నుంచి హర్మటాన్ అనే పొడిగాలి దుమ్ముతో సహా దిగుతుంది. అనంతపురం కథ వేరు. పడమటి కనుమల వర్షచ్ఛాయలో ఉంది కాబట్టి జూన్, జూలై నెలల్లో నైరుతి రుతుపవనం ఇక్కడికి గాలిని బాగా పంపుతుంది, వాన విషయంలో పిసినారి. అసలు వాన సెప్టెంబరులో. అక్టోబరులో ఈశాన్యం పుణ్యమా అని మరికొంత. అంటే అవే 550 మిల్లీమీటర్లు అక్కడ ఒకే గుట్టగా పడతాయి, ఇక్కడ ఆలస్యంగా, మధ్యమధ్య బెట్టలతో తెగిపోయి పడతాయి. నియామే రైతు సజ్జ కోతకు కొడవలి సిద్ధం చేసుకునే వారంలో అనంతపురం రైతు వేరుశనగ మొక్క పీకి, ఊడలు దిగాయా, కాయలో గింజ ఊరుతోందా అని చూస్తుంటాడు. ఆ వారం వాన ఆయనకు ప్రాణం. నియామే రైతుకు అదే వాన వస్తే కంకులు తడిసిపోతాయి.

నేల కూడా చూడండి. అనంతపురంలో లోతు తక్కువ ఉన్న ఎర్రనేల, గులకరాయి. నియామే చుట్టూ ఇసుక, అందులో భాస్వరం బాగా తక్కువ. పడిన నీరు కిందికి జారిపోతుంది. తొలకరిలో ఉరుములతో వచ్చే గాలివానకు ముందు ఇసుక గాలి లేస్తుంది. అప్పుడే మొలిచిన సజ్జను అది కప్పేస్తుంది, కొన్నిచోట్ల గీరేస్తుంది. రైతు మళ్లీ విత్తుతాడు. ఇదేదీ బీఎస్‌హెచ్ అనే మూడక్షరాల్లో లేదు.

కాబట్టి ఈ గంటసేపూ నేను చెప్పదలచుకున్నది ఒకటే. రెండు ప్రాంతాల శీతోష్ణస్థితి ఒకటే అని ఎవరన్నా అంటే, ‘ఎవరికి ఒకటే?’ అని అడగాలి. సజ్జకా, ద్రాక్షకా, పురుగుకా, అడవికా, పటం గీసేవాడికా? శాస్త్రంలో ఈ పోలికకు ఒక్క మాట కాదు, చాలా మాటలున్నాయి. ఒక్కొక్కటి ఒక్కొక్కరి అవసరంలోంచి పుట్టింది.

ముందుగా ఒక చిన్న జాగ్రత్త. ఒకే రకం శీతోష్ణస్థితి కదా అని ‘సమశీతోష్ణ ప్రాంతాలు’ అని రాసే విద్యార్థులు ఏటా నాకు తగులుతూనే ఉంటారు. తెలుగులో ఆ మాట ఇప్పటికే వేరే పనిలో ఉంది. అతి వేడీ అతి చలీ లేని మండలానికి దాన్ని వాడేశాం. అనంతపురం, నియామే ఎంత పోలినా సమశీతోష్ణం కావు. (నవ్వులు) అందుకే ఒకదానికొకటి పోలిన చోట్లకు నేను ఈ ప్రసంగంలో హోమోక్లైమ్, అనలాగ్ అనే పేర్లనే తెలుగు లిపిలో వాడతాను. ఎవరైనా మంచి మాట పుట్టిస్తే సంతోషంగా మారతాను.

ఇక బీఎస్‌హెచ్ లాంటి గుర్తులతో శీతోష్ణస్థితులను వర్గీకరించిన శాస్త్రవేత్త కోపెన్. వ్లాదిమిర్ కోపెన్ 1846లో సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో పుట్టాడు, చదువు కొంత క్రిమియాలో. దక్షిణాన ఉన్న క్రిమియాకూ ఉత్తరాన ఉన్న రాజధానికీ మధ్య ప్రయాణాల్లో చెట్లూ గడ్డీ మారిపోవడం గమనించాడు. తర్వాత 1884 నుంచి 1936 దాకా, అంటే సుమారు అర్ధ శతాబ్దం, తన వర్గీకరణను చెక్కుతూనే ఉన్నాడు. ఖండాల చలనం గురించి చెప్పిన వెగెనర్ ఆయన అల్లుడే. కోపెన్ పద్ధతి గుండె ఏమిటంటే, మొక్కలే వాతావరణ పరికరాలు. ఏ నెలా సగటు 18 డిగ్రీల కంటే దిగకపోతే ఉష్ణమండలం అన్నాడు. ఆ 18 ఆకాశం నుంచి ఊడిపడలేదు, ఉష్ణమండల మొక్కలు చలికి ఎక్కడ ఆగిపోతున్నాయో చూసి పెట్టిన అంకె.

పొడి ప్రాంతానికి ఆయన గీత ఇలా గీస్తారు. ఏడాది సగటు ఉష్ణోగ్రతను 20తో గుణించండి. వానలో 70 శాతానికి మించి వేసవి అర్ధభాగంలో, అంటే ఏప్రిల్ నుంచి సెప్టెంబరు లోపు పడితే, దానికి 280 కలపండి. వచ్చిన అంకె మిల్లీమీటర్లలో గీత. వాన అంతకంటే తక్కువైతే అది పొడి ప్రాంతం, అందులో సగం కూడా లేకపోతే ఎడారి. హైదరాబాద్‌కు వేసి చూద్దాం. సగటు ఉష్ణోగ్రత 26, 27 డిగ్రీల మధ్య. 26 తీసుకుంటే గీత 800, 27 తీసుకుంటే 820. హైదరాబాద్ సగటు వర్షపాతం ఎంత? సుమారు 800 మిల్లీమీటర్లు! గీత సరిగ్గా నగరం నెత్తి మీదుగా పోతోంది. ఏ ముప్ఫై ఏళ్ల సగటు తీసుకున్నారన్నదాన్ని బట్టి హైదరాబాద్ ఒక పటంలో సవన్నా, అంటే తడి-పొడి ఉష్ణమండలం, మరో పటంలో అర్ధశుష్క స్టెప్పీ, అంటే పొడి గడ్డిభూమి. మూసీ మీద మబ్బులకు ఈ సంగతి తెలియదు. కోపెన్‌ను తప్పు పట్టడం లేదు. ప్రపంచాన్ని ఒక గోడ పటం మీద ఇమిడ్చే పనికి అది ఇప్పటికీ దీటైన పద్ధతే. దాన్ని పట్టుకుని విత్తనం ఎంచుకోవద్దంటాను, అంతే.

కోపెన్ లెక్కలో పెద్ద లోటు ఒకటుంది. వాన అనేది జమ. మరి ఖర్చు? ఎండ, గాలి, పొడి కలిసి నేల నుంచి, ఆకు నుంచి ఎంత నీటిని లాగేయగలవో తెలియకుండా 550 మిల్లీమీటర్లు ఎక్కువా తక్కువా అని ఎలా చెబుతాం? అమెరికా శాస్త్రవేత్త వారెన్ థార్న్‌త్‌వెయిట్ 1948లో ఆ ఖర్చుకు పేరు పెట్టాడు. తెలుగులో సంభావ్య బాష్పీభవన-బాష్పోత్సేకం అనవచ్చు. నోరు తిరగకపోతే ఆవిరి గిరాకీ అనుకోండి. కావలసినంత నీరుంటే నేలా మొక్కా కలిసి ఆవిరిగా వదలగలిగే పరిమాణం అది. నెలనెలా జమా ఖర్చూ రాసి, నేలలో నిల్వ ఎంత, లోటు ఎంత అని చూస్తే ఒక ప్రాంతం అసలు స్వభావం బయటపడుతుంది. మన విశాఖకు ఇందులో గట్టి వాటా ఉంది. ఆంధ్ర విశ్వవిద్యాలయానికి చెందిన వి.పి. సుబ్రహ్మణ్యం ఇదే పద్ధతిలో భారతదేశం మొత్తానికి నీటి జమాఖర్చు లెక్కగట్టి 1956లో ప్రచురించారు. మన దగ్గర ఈ శాస్త్రం వాల్తేరు దారిన నడిచిందని ఇక్కడున్న కొందరు అధ్యాపకులకు తెలుసు, విద్యార్థులకు తెలియాలి.

జర్మన్ భూగోళ శాస్త్రవేత్త కార్ల్ ట్రోల్ 1960లలో దీన్ని ఇంకా తేలిక చేశాడు. ఆవిరి గిరాకీని మించి వాన పడే నెలలు ఏడాదికి ఎన్ని? రెండు నుంచి నాలుగున్నర అయితే పొడి అర్ధశుష్క ఉష్ణమండలం. నాలుగున్నర నుంచి ఏడు అయితే తడి-పొడి అర్ధశుష్క ఉష్ణమండలం. 1972లో పటాన్‌చెరులో అంతర్జాతీయ పంటల పరిశోధన సంస్థ ఇక్రిశాట్ పెట్టినప్పుడు ఆ ‘అర్ధశుష్క ఉష్ణమండలం’ అన్న మాట సంస్థ పేరులోకే ఎక్కింది. తెలంగాణ నుంచి పడమటి ఆఫ్రికా దాకా ఒకే మాట కింద చేరాయి. ఒక మాట కింద చేరిన వాటికి ఒకే విత్తనం సరిపోతుందన్న ఆశ కూడా వెంట వచ్చింది.

ఇక్కడ కొంచెం ఆగుతాను, ఎందుకంటే ఈ ఆశ ఎలా తేలిపోయిందో చూస్తే మొత్తం విషయం అర్థమవుతుంది. భారతదేశంలో బాగా పండిన జొన్న, సజ్జ రకాలను 1970లలో పడమటి ఆఫ్రికాకు తీసుకెళ్లారు. చాలా వరకు నిలబడలేదు. స్థానిక తెగుళ్లు, జొన్న వేళ్ల మీద బతికే స్ట్రైగా అనే కలుపు, బీద నేల, ఇవన్నీ కారణాలే. నాకు వాటన్నిటికంటే ఆసక్తి కలిగించేది పగటి పొద్దు. అక్కడి నాటు జొన్న పగలు కురచవుతున్న సంగతి పసిగడుతుంది. మేలో విత్తినా, జూన్ చివర విత్తినా, వానలు వెనక్కి తగ్గే రోజుల్లోనే పూతకు వస్తుంది. తొలకరి ఏటా ఒక్కో తేదీన వస్తుంది కానీ వాన ముగింపు తేదీ అంతగా మారదు. మొక్క ఆ ముగింపు తేదీని నమ్ముకుంది. మనం ఇక్కడి నుంచి పంపిన పొట్టి, స్వల్పకాలిక రకాలు పొద్దును పట్టించుకోవు, విత్తిన రోజు నుంచి లెక్కపెట్టుకుని పూస్తాయి. ముందుగా విత్తితే వాన ఇంకా కురుస్తుండగానే కంకి వచ్చేది. గింజకు బూజు పట్టేది. చుట్టుపక్కల ఎక్కడా వేరే పంట పక్వానికి రాలేదు కాబట్టి పిట్టలన్నీ దాని మీదే వాలేవి. నెలవారీ ఉష్ణోగ్రత, వాన సగటులు ఎంత పోల్చినా ఈ సంగతి దొరకదు. ఇక్రిశాట్ తర్వాత నియామే దగ్గర సాదోరేలో, సహారా దక్షిణపు అంచున ఉన్న సాహెల్ ప్రాంతం కోసం ప్రత్యేక కేంద్రమే పెట్టుకుంది.

ఈ లోటును కొంత పూడ్చిన మాట పెరుగుదల కాలం. ఐక్యరాజ్య సమితి ఆహార, వ్యవసాయ సంస్థ 1970ల చివర దీన్ని ప్రాతిపదికగా తీసుకుని ప్రపంచాన్ని వ్యవసాయ మండలాలుగా విడగొట్టింది. వాన ఆవిరి గిరాకీలో సగాన్ని మించిన రోజు నుంచి మొదలుపెట్టి, వాన ఆగాక నేలలో మిగిలిన పదునుతో పంట బతికే రోజులు కూడా కలిపి, మొత్తం ఎన్ని రోజులో చూస్తారు. మిల్లీమీటర్లు పోయి రోజులు వచ్చాయి. ఇది రైతు లెక్కకు చాలా దగ్గర. మృగశిరలో పడితే ఇది విత్తు, ఆరుద్ర దాటితే అది విత్తు అనే కార్తెల లెక్కలోనూ ఉన్నది వాన ఎంత అన్నది కాదు, అదును ఎప్పుడు, ఎన్నాళ్లు అన్నదే.

ఇప్పుడు హోమోక్లైమ్. రెండు ప్రాంతాల శీతోష్ణస్థితి ఒక నిర్ణీత కొలతలో సరిపోలితే ఒకదానికొకటి హోమోక్లైమ్. పెవెరిల్ మెగ్స్ 1953లో యునెస్కో కోసం ప్రపంచంలోని శుష్క, అర్ధశుష్క హోమోక్లైమ్‌ల పటాలు తయారుచేశాడు. ఎడారిని కేవలం ఎడారి అనకుండా, వాన ఏ రుతువులో, చలి నెల ఎంత చలి, వేడి నెల ఎంత వేడి అని సంకేతాలుగా విడగొట్టాడు. చలికాలం వాన పడే ఎడారికీ, వేసవి వాన పడే ఎడారికీ పెట్టాల్సిన మొక్కలు వేరు కదా.

దాదాపు అదే అర్థంలో పంటల వైపు నుంచి వచ్చిన మాట అనలాగ్. నటన్‌సన్ అనే ఆయన 1940లలో ఉక్రెయిన్‌కు ఉత్తర అమెరికాలో వ్యవసాయ అనలాగ్‌లు ఎక్కడున్నాయో వెతికి పుస్తకం వేశాడు. ఇక్కడ నాకు నవ్వొచ్చే విషయం ఏమిటంటే, ఆయన చూపించిన పోలికను రైతులు అంతకు డెబ్బై ఏళ్ల ముందే అనుభవంలో పెట్టేశారు. మెనొనైట్ అనే క్రైస్తవ శాఖకు చెందిన కుటుంబాలు 1874లో రష్యా సామ్రాజ్యపు దక్షిణ మైదానాల (నేటి ఉక్రెయిన్ వైపు) నుంచి అమెరికాలోని కాన్సాస్‌కు వలస వెళ్తూ తమ శీతాకాలపు గోధుమ విత్తనం వెంట తీసుకెళ్లారు. టర్కీ రెడ్ అని పేరు. కాన్సాస్ ఈనాడు గోధుమ రాష్ట్రమైందంటే దాని మూలం ఆ మూటల్లో ఉంది. గడ్డకట్టే చలికాలం, వేడి వేసవి, గాలి కొట్టే చదును నేల. వాళ్లకు అంకెలు లేవు, పోలిక మాత్రం కుదిరింది.

ద్రాక్ష వాళ్లు ఈ విద్యను అన్నిటికంటే పదును పెట్టారు. డబ్బు ఉన్నచోట కొలత సూక్ష్మంగా ఉంటుంది. కాలిఫోర్నియాలో ఎమరైన్, వింక్లర్ 1944లో ఏప్రిల్ నుంచి అక్టోబరు దాకా రోజువారీ సగటు 10 డిగ్రీల సెల్సియస్ కంటే ఎంత ఎక్కువుందో కూడి, ఆ మొత్తాన్ని బట్టి ద్రాక్ష ప్రాంతాలను అయిదు తరగతులు చేశారు. వేడి మొత్తాలు అనుకోండి. ఆస్ట్రేలియాలో జాన్ గ్లాడ్‌స్టోన్స్ అనే వ్యవసాయ శాస్త్రవేత్త 1960ల మధ్యలో, పడమటి ఆస్ట్రేలియాలోని మార్గరెట్ రివర్ ప్రాంతపు శీతోష్ణస్థితి, ఫ్రాన్స్‌లో ద్రాక్షకు పేరున్న బోర్డోకు దగ్గరగా ఉందని రాశాడు. అప్పటికి అక్కడ ఉన్నవి పశువులు, అడవి. 1967లో తొలి వాణిజ్య ద్రాక్షతోట వేశారు. ఇవాళ ఆ పేరు ప్రపంచానికి తెలుసు. ఒక ప్రాంతం జాతకాన్ని వాతావరణ పట్టిక తిరగరాసిన ఘటన ఇంత స్పష్టంగా మరోచోట దొరకడం కష్టం. గ్లాడ్‌స్టోన్స్ అసలు వృత్తి లూపిన్ అనే పప్పుజాతి పంట మీద పరిశోధన అన్నది ఇంకో ముచ్చట.

పంటలు వదిలి అడవికి వస్తే వేరే మాట కావాలి. వేసవి పొడి, చలికాలం వాన ఉండే మధ్యధరా రకం శీతోష్ణస్థితి ప్రపంచంలో అయిదు చోట్ల ఉంది: మధ్యధరా తీరం, కాలిఫోర్నియా, మధ్య చిలీ, దక్షిణాఫ్రికా కేప్, ఆస్ట్రేలియా నైరుతి, దక్షిణ అంచులు. భూమి మీద నేలలో ఇవి సుమారు 2 శాతం, మొక్కల జాతుల్లో సుమారు 20 శాతం వీటిలోనే. అయిదు చోట్లా పొదలు ఒకేలా కనిపిస్తాయి: చిన్న, దళసరి, గట్టి ఆకులు, ఏడాదంతా పచ్చగా. వాటి కుటుంబాలు మాత్రం వేరు. బంధుత్వం లేకుండా ఒకే ఒత్తిడికి ఒకే రూపానికి చేరడాన్ని అభిసారి పరిణామం అంటారు. 1970లలో కాలిఫోర్నియానూ చిలీనీ పక్కపక్కన పెట్టి పెద్ద పరిశోధనే జరిగింది. ఆకుల పోలిక నిజమే. కానీ లోతుకు వెళ్లేకొద్దీ తేడాలు బయటపడ్డాయి. కాలిఫోర్నియా పొదలకు నిప్పు పాత చుట్టం. మధ్య చిలీలో పిడుగులు అరుదు కాబట్టి సహజమైన కార్చిచ్చూ అరుదే. కేప్‌లో, ఆస్ట్రేలియాలో నేలలు ఎంత పాతవంటే అక్కడి గట్టి ఆకులకు పొడి ఎంత కారణమో భాస్వరం కరువు అంత కారణం.

అభిసారి పరిణామం కోసం చిలీ దాకా పోనక్కర్లేదు. మన పొలాల గట్ల మీద బొంతజెముడు ఉంది, నాగజెముడు ఉంది. రెండింటికీ ఆకులు నామమాత్రం, ఒళ్లంతా ముళ్లు, కాండంలో నీటి నిల్వ. మనవాళ్లు రెండింటినీ జెముడు అనేశారు. ఒక్కసారి కాండం గిల్లి చూడండి. బొంతజెముడు నుంచి తెల్లటి పాలు కారతాయి, అది యుఫోర్బియా, ఆముదం కుటుంబం. నాగజెముడు జిగురు కారుస్తుంది గాని పాలు రావు, అది అమెరికా నుంచి వచ్చిన కాక్టస్. పోలిక పుట్టుకది కాదు, ఎండది.

ఇప్పుడు కొంచెం చేదు కథ. కడప జిల్లా కమలాపురం మన దేశ వృక్ష చరిత్రలో ఒక ముఖ్యమైన చిరునామా. మద్రాసు అటవీ శాఖలో రిచర్డ్ హెన్రీ బెడ్డోమ్ అనే అధికారి ఉండేవాడు, వృక్షశాస్త్రంలో ఘనుడు. పొడి జిల్లాల్లో వంటచెరకు కొరత తీర్చే చెట్టు కావాలని 1876లో పైఅధికారులకు రాశాడు. జమైకా నుంచి ప్రోసోపిస్ జూలిఫ్లోరా విత్తనం వచ్చింది, కమలాపురం దగ్గర నాటారు. అదే మన సర్కారు తుమ్మ. పొడి నేలకు పొడి నేల మొక్క, ఎండకు ఎండ. జోడీ కుదిరిందా? ఇంతకంటే బాగా ఏ జోడీ కుదరలేదు. చెరువు గర్భాలు, కాలువ గట్లు, బీళ్లు, రాయలసీమ నుంచి పల్నాడు, నెల్లూరు దాకా ఎక్కడ చూసినా అదే.

శీతోష్ణస్థితి పోలిక ఇక్కడ తప్పలేదు. పోలికలో లేనివే పని చేశాయి. మేకలూ గొర్రెలూ తియ్యటి కాయలు తిని గింజలను ఎరువుతో సహా ఊరూరా పంచాయి. ఆకును పశువు ముట్టదు. నరికితే మొదట్లోంచి పది చువ్వలు లేస్తాయి. వేరు లోతుకు పోతుంది. బొగ్గు కాల్చి బతికే కుటుంబాలున్నాయి కాబట్టి దాన్ని కేవలం శత్రువు అనలేం. అయినా చెరువు పూడికలో సర్కారు తుమ్మ పెరిగిన ఊరి ఆయకట్టుదారుణ్ణి అడిగితే బెడ్డోమ్‌కు పెట్టే దండాలు వేరేగా ఉంటాయి. (నవ్వులు)

ఇలాంటి అనుభవాల తర్వాత అదే పోలిక విద్య తిరగబడింది. ఒక కలుపు, ఒక పురుగు ఇంకా ఎక్కడెక్కడ నిలదొక్కుకోగలదో ముందే చెప్పడానికి దాన్ని వాడడం మొదలుపెట్టారు. ఆస్ట్రేలియాలో 1985 ప్రాంతంలో క్లైమెక్స్ అనే కంప్యూటర్ నమూనా వచ్చింది. పురుగు ఏ వేడిలో పెరుగుతుంది, ఏ చలిలో చస్తుంది, ఎంత పొడి ఓర్చుకుంటుంది అని చెబితే ప్రపంచ పటం మీద దాని రాబోయే ఇళ్లు చూపిస్తుంది. విరుగుడు వెతకడానికీ అదే దారి. మన వయ్యారిభామ అమెరికా ఖండపు మొక్క. దాన్ని తినే పెంకు పురుగును మెక్సికో నుంచి తెచ్చి 1984లో బెంగళూరులో వదిలారు. వాన కాలంలో ఆకులు జల్లెడ చేస్తుంది. పొడి నెలల్లో మట్టిలోకి దూరి నిద్రపోతుంది, మళ్లీ తొలకరికి లేస్తుంది. మెక్సికోలో నేర్చిన కాలపట్టిక ఇక్కడ పనికొచ్చింది.

ఈ లెక్కలన్నీ మొక్క ఇప్పుడు ఎక్కడుందో అక్కడే దానికి చేతనవుతుందని అనుకుంటే పప్పులో కాలేసినట్టే. కాలిఫోర్నియా తీరంలో కొన్ని చిన్న తావుల్లోనూ, రెండు మెక్సికన్ దీవుల్లోనూ మాత్రమే సహజంగా ఉండే పైన్ చెట్టు ఒకటుంది, మాంటెరీ పైన్. న్యూజిలాండ్, చిలీ, ఆస్ట్రేలియా కలప తోటల్లో అది పుట్టింటి కంటే ఏపుగా పెరుగుతోంది. మొక్క ఉన్న చోటు దాని సత్తా మొత్తాన్ని చెప్పదు.

చివరగా, భవిష్యత్తు. ఇప్పటిదాకా చోటును చోటుతో పోల్చాం. ఇప్పుడు ఒక చోటు రేపటిని మరో చోటు ఈనాటితో పోలుస్తున్నారు. 2019లో స్విట్జర్లాండ్ పరిశోధకులు 520 నగరాలు తీసుకున్నారు. 2050కల్లా లండన్ ఇవాళ్టి బార్సిలోనాలా, మాడ్రిడ్ ఇవాళ్టి మర్రాకెష్‌లా ఉండవచ్చన్నారు. పత్రికలు దీన్ని బాగా రాశాయి, ఎందుకంటే ఊరి పేరు చెబితే అంకె చెప్పినట్టు కాదు, వెంటనే ఒళ్లంతా తెలుస్తుంది. అదే అధ్యయనంలో పత్రికలు అంతగా పట్టించుకోని వాక్యం ఒకటుంది. 22 శాతం నగరాలకు జోడీ లేదు. ఈనాడు ఏ పెద్ద నగరంలోనూ లేని పరిస్థితులు వాటికి రాబోతున్నాయి. వాటిలో ఎక్కువ ఉష్ణమండలానివే. శాస్త్రంలో దీన్ని నో-అనలాగ్ శీతోష్ణస్థితి అంటారు.

ఇందులో తర్కం చాలా సాదా. చలి దేశానికి వేడి పెరిగితే దక్షిణాన ఉన్న పొరుగువాణ్ణి చూసి నేర్చుకోవచ్చు: ఇల్లు ఎలా కట్టాడు, ఏ చెట్టు నాటాడు, మధ్యాహ్నం ఎన్ని గంటలకు పని ఆపాడు. మనం ఇప్పటికే వేడి వరుసలో చివర నిలబడ్డాం. రామగుండంలో మే నెల ఇంకో రెండు డిగ్రీలు పెరిగితే ఎవరిని చూసి నేర్చుకోవాలి? అంతకంటే వేడి ఊళ్లు ఉన్నాయి, ఎడారుల్లో. కానీ అక్కడ మన వానలు లేవు, మన తేమ లేదు, వరి లేదు. యూరప్ నుంచి వచ్చిన ఈ జోడీల పద్ధతిని ఇక్కడ ఉన్నపళంగా దింపేసే నివేదికలు చూసినప్పుడు నాకు చిరాకు కలుగుతుంది. మనకు పనికొచ్చేది ముక్కల పోలిక. మొత్తం ఊరికి జోడీ వద్దు. పూత దశలో రాత్రి వేడికి ఒక జోడీ, తొలకరి ఆలస్యానికి మరో జోడీ, గాలిలో తేమకు ఇంకొకటి. విడివిడిగా వెతికితే దొరుకుతాయి.

ఇక మీరు అడగండి.

ప్రశ్న: అరకు కాఫీకి జోడీ ప్రాంతం ఏది సార్?

జవాబు: అరబికా కాఫీ పుట్టిల్లు ఇథియోపియా నైరుతి కొండలు. అక్కడా ఉష్ణమండలమే, వేడిని తగ్గించింది ఎత్తు. అరకులోనూ అదే, సుమారు 900 మీటర్ల ఎత్తు, పైన ఇంకా ఎక్కువ. కాబట్టి ఉష్ణోగ్రత వరకు పోలిక బాగానే ఉంది. మనది మూడు నాలుగు నెలల్లో గుమ్మరించే వాన, తర్వాత పొడి. ఆ పొడిని నీడ కొంత సర్దుతోంది. నీడనిచ్చే సిల్వర్ ఓక్ తూర్పు ఆస్ట్రేలియా చెట్టు, దాని మీదికి పాకే మిరియం పడమటి కనుమలది. మూడూ మూడు చోట్ల నుంచి వచ్చి అరకులో కలిశాయి. వీటి కలయికకు ప్రపంచంలో ఎక్కడా హోమోక్లైమ్ దొరకదు.

ప్రశ్న: పామాయిల్ వర్షారణ్యాల చెట్టు అంటారు కదా. మరి గోదావరి జిల్లాల్లో ఎలా పండుతోంది?

జవాబు: మంచి ప్రశ్న. ఆయిల్ పామ్ పడమటి ఆఫ్రికా తేమ ప్రాంతాల చెట్టు. ఏడాదికి 2000 మిల్లీమీటర్ల వాన, అదీ అన్ని నెలల్లో పంచి పడితే దానికి హాయి. ఏలూరు వైపు వాన అందులో సగం, చాలా నెలలు పొడి. అయినా ఆయిల్ పామ్‌లో దేశంలో మొదటి స్థానం ఆంధ్రప్రదేశ్‌ది, పరిశోధన సంస్థ పెదవేగిలో ఉంది. వేడి సరిపోయింది. సరిపోని నీటిని బోరు, డ్రిప్పు పూడుస్తున్నాయి. అంటే వాన పోలికను పక్కన పెట్టి భూగర్భ జలంతో పండిస్తున్నాం. అది తెలిసి చేస్తే అభ్యంతరం లేదు. కొత్త మండలాల్లో తోట వేయమని చెప్పే ముందు ఉష్ణోగ్రత పటం చూపించి సరిపెట్టకూడదు, బోర్ల లోతు పట్టిక కూడా పక్కన పెట్టాలి.

ప్రశ్న: మేము ప్రాజెక్టు కోసం మా మండలానికి అనలాగ్ వెతకాలనుకుంటున్నాం. ఎక్కడ మొదలుపెట్టాలి?

జవాబు: పంటతో మొదలుపెట్టండి, పటంతో వద్దు. కంది అనుకోండి. దానికి కీలకమైన వారాలు ఏవో రాసుకోండి: విత్తు, పూత, కాయ నిండే దశ. మీ మండల వర్షమాపక కేంద్రం లెక్కలు కనీసం ముప్ఫై ఏళ్లవి తెచ్చుకోండి, నెలవారీ కాదు, వారంవారీగా. సగటు ఒక్కటే చూడవద్దు. పదేళ్లలో ఎన్నేళ్లు ఆ వారం ఎండిపోయిందో లెక్కపెట్టండి. సగటు కలిసిన రెండు చోట్ల ఈ అంకె చాలాసార్లు కలవదు. ఆ తర్వాతే ప్రపంచ గ్రిడ్ సమాచారం తెరవండి. ఉచితంగానే దొరుకుతుంది, సుమారు కిలోమీటరు గళ్లలో. నేల రకం, అక్షాంశం చివర్లో జల్లెడగా వాడండి. మొదట పది చోట్లు వస్తాయి, జల్లెడ పట్టాక ఒకటో రెండో మిగులుతాయి. ఏమీ మిగలకపోతే అదే రాయండి, అదీ ఫలితమే. పట్టికలు తయారయ్యాక నాకు పంపండి, చూస్తాను.